హెబియస్ కార్పస్ వేస్తే భార్య ఇంటికొస్తుందా?

వరంగల్‌లో హెబియస్ కార్పస్ అనే మాట బడికి పోనివాళ్లకు కూడా తెలుసు. లాటిన్ పదం అది. మనిషిని తెచ్చి ముందు నిలబెట్టు అని అర్థం. అది మన ఊళ్లలోకి లా కాలేజీల నుంచి రాలేదు. 1980, 90లలో రాత్రిపూట జీపు వచ్చి కొడుకును ఎక్కించుకుపోతే, పొద్దున ఠాణాకు ఉరికిన తల్లికి "మా దగ్గర లేడు" అనే జవాబు దొరికేది. అప్పుడు ఆ తల్లికి మిగిలిన దారి హైకోర్టులో ఈ పిటిషనే. కాకతీయ యూనివర్సిటీలో లెక్కలు చెప్పిన బాలగోపాల్, హైకోర్టు లాయరు కన్నబిరాన్ లాంటి పౌరహక్కుల వాళ్ల పుణ్యమాని ఆ మాట ఊరి నోళ్లలో పడింది.

ఇప్పుడు హనుమకొండ అదాలత్ దగ్గర టీ కొట్ల ముందు నిలబడితే అదే మాట వినిపిస్తుంది గానీ సందర్భం వేరు. "సార్, నా భార్య వారం నుంచి కనపడ్తలేదు. తల్లిగారోళ్లు దాచిపెట్టిన్రు. హెబియస్ కార్పస్ ఏద్దాం." లేదంటే, "మా అల్లుడు బిడ్డను ఇంట్ల పెట్టి తాళమేసిండు, ఫోను గూడ ఇస్తలేడు." లేదంటే, "మా ఆయన పొద్దున డ్యూటీకని పోయి మళ్ల రాలే." ముగ్గురూ ఒకటే మందు అడుగుతున్నారు, కానీ ముగ్గురి రోగం ఒకటి కాదు. రెండో ఆయనకు ఈ మందు సరిగ్గా పనిచేస్తుంది. మొదటాయనకు పనిచేయొచ్చు, తిరగబడనూ వచ్చు. మూడో ఆమెకు చాలాసార్లు ఇది మందే కాదు. ఎందుకలా అన్నది విడమర్చి చెప్పడానికే ఈ వ్యాసం.

ముందు ఒక పాత కథ. 1887లో ఇంగ్లండ్‌లో జాక్సన్ అనే ఆయన పెళ్లి చేసుకుని, కొద్దిరోజులకే న్యూజిలాండ్ పోయాడు. తిరిగొచ్చేసరికి భార్య ఆయనతో కాపురానికి ఒప్పుకోలేదు. అతను కోర్టుకెక్కి, భార్య తనతో కాపురం చేయాలని 1889లో డిక్రీ తెచ్చుకున్నాడు. ఆమె రాలేదు. 1891 మార్చిలో ఒక ఆదివారం ఆమె క్లిథరో ఊళ్లో చర్చి నుంచి బయటికొస్తుంటే, ఇద్దరు మనుషుల సాయంతో ఆమెను బండిలోకి ఎక్కించి బ్లాక్‌బర్న్‌లోని ఇంట్లో పెట్టాడు. ఆమె తరఫువాళ్లు హెబియస్ కార్పస్ వేశారు. కింది బెంచి భర్త పక్షాన నిలిచింది. పై కోర్టు మాత్రం, పెళ్లైనంత మాత్రాన భార్యను బంధించే హక్కు భర్తకు లేదని చెప్పి ఆమెను విడిపించింది. డిక్రీ ఉన్నా సరే. భార్యాభర్తల గొడవలో ఈ పిటిషన్ ఎవరి కోసం పుట్టిందో తెలుసుకోవాలంటే ఈ కథ చాలు. బంధించినవాడి చేతిలోంచి మనిషిని విడిపించడానికి పుట్టింది. పోయినావిడను పట్టితేవడానికి కాదు.

మన దేశంలో ఈ అధికారం సుప్రీంకోర్టుకు 32వ అధికరణం కింద, హైకోర్టుకు 226 కింద ఉంది. మన జిల్లాల నుంచి పోవాల్సింది హైదరాబాద్‌కే. 2019 జనవరి 1 నుంచి తెలంగాణకు వేరు హైకోర్టు ఉంది కదా, మూసీ ఒడ్డున పాత భవనంలో. పోలీసులు పట్టుకుంటేనే వేయాలని చాలామంది అనుకుంటారు. అట్లా ఏం లేదు. ప్రైవేటు మనుషులు బంధించినా వేయొచ్చు. మామ మీద వేయొచ్చు, మొగుడి మీద వేయొచ్చు, అప్పు కోసం మనిషిని కూర్చోబెట్టిన ఫైనాన్స్ వాళ్ల మీదా వేయొచ్చు. బందీగా ఉన్న మనిషి సంతకం అక్కర్లేదు. ఆ మనిషి తరఫున బంధువో స్నేహితుడో వేస్తే చాలు.

ఇక్కడే అసలు మడత పేచీ ఉంది. పిటిషన్ మీద సంతకం పెట్టేది భర్త. లాయరుకు ఫీజిచ్చేది భర్త. హైదరాబాద్ బస్సెక్కేది భర్త. కానీ ఆ కేసు ఆయనది కాదు. తప్పిపోయిన మనిషిది. కోర్టు అడిగే ప్రశ్న కూడా ఆ మనిషినే: నిన్ను ఎవరైనా నీ ఇష్టానికి వ్యతిరేకంగా ఉంచారా? ఉంచలేదు అంటే కేసు అక్కడితో అయిపోయినట్టే. ఎందుకు వెళ్లావు, తప్పెవరిది, కాపురం ఎవరు చెడగొట్టారు, బంగారం ఎక్కడుంది అనే సంగతులు ఆ గదిలోకి రావు. పెద్దమనుషుల పంచాయతీకి అలవాటైన మనకు ఇది మింగుడు పడదు. పంచాయతీలో మొదటి ప్రశ్న "ఎందుకు పోయినవ్?" అనే ఉంటుంది. కోర్టులో అది చివరి ప్రశ్న కూడా కాదు.

ఒక మనిషిని ఊహించుకుందాం. నర్సంపేట దగ్గరి ఊరు. పెళ్లై నాలుగేళ్లు. రెండు నెలలుగా గొడవలు. ఒకరోజు భార్య పిల్లను తీసుకుని పోయింది. తల్లిగారింటికి పోతే "మా దగ్గర లేదు" అన్నారు. పోలీస్ స్టేషన్‌లో "ఉమన్ మిస్సింగ్" అని కేసు రాశారు. వారం గడిచినా కదలిక లేదు. ఎవరో చెప్పగా హైకోర్టు లాయరు దగ్గరికి పోయాడు. లాయరు అఫిడవిట్ రాయించాడు: ఫలానా తేదీన, ఫలానా చోట నా భార్యను చివరిసారి చూశాను, ఆమెను మామ, బామ్మర్ది అక్రమంగా నిర్బంధించారు, పోలీసులకు చెప్పినా పట్టించుకోలేదు. ప్రతివాదులుగా హోంశాఖ, పోలీస్ కమిషనర్, స్టేషన్ అధికారి (ఎస్‌హెచ్‌వో), చివర్లో మామ, బామ్మర్ది. తొందరుంటే లాయరు లంచ్ మోషన్ అడుగుతాడు, అంటే లైను తప్పించి అదే రోజు వినమని.

ఇద్దరు జడ్జిల బెంచి ముందుకు వస్తుంది. మనిషి ఎక్కడుందో కనుక్కుని ఫలానా రోజు హాజరుపరచమని ప్రభుత్వ లాయరుకు చెబుతుంది. అప్పటిదాకా నెమ్మదిగా ఉన్న స్టేషన్‌లో హడావుడి మొదలవుతుంది. కాల్ డేటా తీస్తారు, బంధువులను పిలుస్తారు, రెండు మూడు రోజుల్లో ఆమె ఎక్కడుందో తేలుతుంది. లాయర్లు మాట్లాడుకునేటప్పుడు ఆమెను "డిటెన్యూ" అంటారు. అంటే బందీ అని. బందీనో కాదో ఇంకా తేలనే లేదు, పేరు మాత్రం ముందే పెట్టేశారు.

వాయిదా రోజున పోలీసులు ఆమెను హైదరాబాద్ తీసుకొస్తారు. కోర్టు హాలు బయట వరండాలో ఒక మూల మొగుడు, ఇంకో మూల తల్లిగారు, మధ్యలో మహిళా కానిస్టేబుల్ పక్కన ఆమె. జడ్జిలు ఆమెను చాంబర్‌కు పిలిచి మాట్లాడతారు. ఆమె చెప్పింది ఇది: "నన్నెవరూ ఆపలేదు. నేనే పోయిన. ఆయన దగ్గరికి పోను." అంతే. ఆమె మేజరు, తన ఇష్టప్రకారమే ఉంటోంది, పిటిషన్ ముగించాం అని నాలుగు ముక్కల ఆర్డరు. నర్సంపేట మనిషి లాయరును పట్టుకుని "సార్, తెప్పించిన్రు గదా, మరి పంపలేదేంది?" అని అడుగుతాడు. తెప్పించడం, పంపడం రెండూ ఒకటే అనుకున్నాడు పాపం. ఫీజు తీసుకునే రోజే ఆ తేడా ఆయనకు చెప్పి ఉండాల్సిందని నా అభిప్రాయం.

చాలామంది మొగవాళ్లు ఇక్కడ ఇంకో వాదం తెస్తారు: పెళ్లాం కదా, నాతో ఉండాలని చట్టం లేదా? ఉంది. హిందూ వివాహ చట్టం 9వ సెక్షన్, దాంపత్య హక్కుల పునరుద్ధరణ. అది వేయాల్సింది ఫ్యామిలీ కోర్టులో, హెబియస్ కార్పస్‌తో దానికి సంబంధం లేదు. డిక్రీ వచ్చినా ఎవరినీ చెయ్యి పట్టుకుని తీసుకురారు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ప్రకారం డిక్రీని ధిక్కరించినవాళ్ల ఆస్తి జప్తు చేయొచ్చు, అంతకు మించి ఏమీ లేదు. ఆ మాత్రం కూడా ఉండకూడదని 1983లో మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టే అంది. సినీనటి సరిత మీద ఆమె భర్త కడప కోర్టులో వేసిన కేసు అది. ఒక స్త్రీ శరీరం మీద నిర్ణయాన్ని ఆమె చేతిలోంచి తీసి రాజ్యం చేతిలో పెడుతోందంటూ జస్టిస్ పి.ఎ. చౌదరి ఆ సెక్షన్‌నే కొట్టేశారు. మరుసటి ఏడాది సరోజ్ రాణి కేసులో సుప్రీంకోర్టు ఆ తీర్పును ఒప్పుకోలేదు, సెక్షన్ మళ్లీ నిలబడింది. నిలబడ్డా, అది భార్యను ఇంటికి చేర్చే యంత్రం మాత్రం కాలేదు. ఏడాది దాకా ఆ డిక్రీ అమలు కాకపోతే విడాకులకు అదొక కారణంగా పనికొస్తుంది. వాస్తవంలో చాలామంది అందుకే వేస్తారు.

"వేరేవాడితో పోయింది" అనే కేసుల్లో భర్త కోపం ఇంకా ఎక్కువ, చట్టం సాయం ఇంకా తక్కువ. వ్యభిచారాన్ని నేరంగా చూసే పాత 497 సెక్షన్‌ను 2018 సెప్టెంబర్‌లో సుప్రీంకోర్టు కొట్టేసింది. విడాకులకు అది కారణం అవుతుంది, జైలుకు కాదు. హెబియస్ కార్పస్‌లోనైతే ఆ రెండోవాడు ఎవడన్నది కూడా అనవసరం. ఆమె ఇష్టంతో ఉందా లేదా, అంతే.

మరి ఈ పిటిషన్ నిజంగా ప్రాణం కాపాడేది ఎక్కడ? కులాంతర ప్రేమ పెళ్లిళ్ల దగ్గర. ఆర్యసమాజ్‌లోనో గుళ్లోనో పెళ్లి చేసుకుని, స్టేషన్‌కు పోయి రక్షణ అడిగితే, "కౌన్సెలింగ్" పేరిట ఇద్దరి తల్లిదండ్రులనూ పిలిపిస్తారు. అమ్మ ఏడుస్తుంది, "ఒక్కసారి ఇంటికి రా బిడ్డా, మేమే మంచిగ పెండ్లి చేస్తం" అంటారు. పిల్ల పోతుంది. ఆ సాయంత్రం నుంచి ఫోను స్విచాఫ్. ఇలాంటప్పుడు భర్త వేసే హెబియస్ కార్పస్‌కు ఉండే విలువ వేరు. ఆలస్యం చేస్తే అమ్మాయిని ఏ దూరపు చుట్టాల ఇంటికో పంపేస్తారు, ఇంకో సంబంధం చూసేస్తారు, కొన్ని ఇళ్లలో అంతకంటే ఘోరం జరుగుతుంది.

ఈ విషయంలో సుప్రీంకోర్టు మెల్లమెల్లగా గట్టిపడింది. మేజరైన స్త్రీ తనకు నచ్చినవాణ్ని చేసుకోవచ్చు, ఇష్టం లేకపోతే తల్లిదండ్రులు మాటలు మానుకోవచ్చు గానీ వేధించడానికి లేదు అని 2006లో లతా సింగ్ కేసులో చెప్పింది. 2018లో హాదియా కేసు వచ్చింది. కేరళ అమ్మాయి మతం మారితే తండ్రి హెబియస్ కార్పస్ వేశాడు, అది నడుస్తుండగానే ఆమె పెళ్లి చేసుకుంది. కేరళ హైకోర్టు ఆ పిటిషన్‌లోనే పెళ్లిని రద్దు చేసి, 24 ఏళ్ల మనిషిని తండ్రికి అప్పగించింది. సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. హెబియస్ కార్పస్‌లో పెళ్లి చెల్లుతుందా లేదా అన్న విచారణే రాకూడదని తేల్చింది. అదే ఏడాది నందకుమార్ కేసులో అబ్బాయికి ఇంకా 21 నిండలేదు. అయినా ఇద్దరూ మేజర్లే, పెళ్లి సంగతి పక్కన పెట్టినా కలిసి ఉండే హక్కు వాళ్లకుంది అని చెప్పింది. కాబట్టి "పెళ్లి సర్టిఫికెట్ లేదు, పిటిషన్ వేయొచ్చా?" అని భయపడే కుర్రాళ్లకు జవాబు: వేయొచ్చు. వయసు రుజువు మాత్రం దగ్గర పెట్టుకోండి, పదో తరగతి మెమో అయితే మంచిది.

వయసు దగ్గర తేడా వస్తే మాత్రం కథ మొత్తం మారిపోతుంది. పద్దెనిమిది నిండని అమ్మాయి ఇష్టం కోర్టులో చెల్లదు. ఆమెను బాలల సంక్షేమ కమిటీ ముందుకు పంపుతారు, అబ్బాయి మీద పోక్సో (పిల్లల మీద లైంగిక నేరాల చట్టం) కేసు పడుతుంది. రెండు నెలలు తక్కువున్నా సరే. ఈ సంగతి తెలియక, ధైర్యంగా హైకోర్టుకు పోయి, తన పిటిషన్‌తో తానే కేసులో ఇరుక్కునే కుర్రాళ్లు ఉంటారు.

2024 మార్చిలో దేవు జి. నాయర్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన సూచనలను ఇలాంటి కేసు నడిపే ప్రతి లాయరూ జేబులో పెట్టుకుని తిరగాలి. ఇలాంటి పిటిషన్లకు ప్రాధాన్యం ఇచ్చి తొందరగా వినాలంది. పిటిషన్ వేసింది స్నేహితులో భాగస్వామో అయితే వాళ్ల మధ్య సంబంధం ఏమిటని తవ్వొద్దంది. మనిషితో జడ్జిలు ఏకాంతంగా మాట్లాడాలి, బంధించారని ఆరోపణ ఉన్నవాళ్లు ఆ చుట్టుపక్కల ఉండకూడదు, కౌన్సెలింగ్ పేరుతో మనసు మార్చే ప్రయత్నం చేయకూడదు, బంధించినవాళ్ల దగ్గరికి పోనంటే వెంటనే స్వేచ్ఛగా వదిలేయాలి. వరండాలో ఇందాక చూసిన దృశ్యం గుర్తుందా, ఒక మూల మొగుడు, ఒక మూల తల్లిగారు? ఆ దృశ్యమే ఉండకూడదని కోర్టు అంటోంది. మన దగ్గర ఆ అలవాటు పోవడానికి ఇంకా టైం పడుతుంది.

ఇంకో చేదు సంగతి కూడా చెప్పుకోవాలి. దెబ్బలు తిని పారిపోయిన భార్య ఎక్కడుందో కనుక్కోవడానికి మొగుడు ఈ పిటిషన్‌ను వాడుకుంటాడు. తనకు దొరకని అడ్రసు పోలీసులకు దొరుకుతుంది కదా. ఆమె హింసకు గురైన ఆడవాళ్ల కోసం ఉండే ఏ సఖి కేంద్రంలోనో, హైదరాబాద్‌లో ఏ హాస్టల్లోనో తలదాచుకుని ఉంటుంది. కోర్టు ఆదేశం పేరుతో ఫోను మోగగానే ఆమె గుండె ఆగినంత పనవుతుంది. ఆమెకు తెలియాల్సినవి కొన్ని ఉన్నాయి. అడ్రసు తన భర్తకు చెప్పొద్దని పోలీసులకు రాసివ్వొచ్చు, జడ్జికీ చెప్పొచ్చు. తన వైపు నుంచి లాయరు కావాలంటే ఉచితంగా ఇస్తారు. 1987 నాటి న్యాయసేవల చట్టం ప్రకారం ఆడవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఆ సాయం అందాలి, 15100కు ఫోన్ చేస్తే చాలు. గృహహింస కేసు అప్పటికే నడుస్తుంటే ఆ కాగితం కోర్టులో పెట్టాలి. ఆ కేసు సంగతి దాచి భర్త పిటిషన్ వేశాడని తేలితే జడ్జిలు ఊరుకోరు. నిజం దాచినందుకు ఖర్చులు కట్టమని ఆదేశించే అధికారం హైకోర్టుకు ఉంది.

అల్లుడు బిడ్డకు తాళం వేశాడన్న తండ్రి సంగతి ఇక. ఆయనకు హెబియస్ కార్పస్ తిరుగులేని దారే, అయితే అంతకంటే దగ్గరి దారి ఇంకోటి ఉంది, దాని గురించి ఎవరూ మాట్లాడరు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ)లో 97వ సెక్షన్, 2024 జులై 1 నుంచి భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 100వ సెక్షన్. మనిషిని నేరమయ్యే తీరులో బంధించారని నమ్మకం కుదిరితే కలెక్టరు గానీ, ఆర్డీవో గానీ, ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేట్ గానీ సెర్చ్ వారెంట్ ఇవ్వొచ్చు. పోలీసులు పోయి వెతికి, దొరికితే వెంటనే మేజిస్ట్రేట్ ముందుకు తెస్తారు. పరకాల మనిషి పరకాలలోనే, నర్సంపేట మనిషి నర్సంపేటలోనే ఈ పని చేయించుకోవచ్చు. నూటయాభై కిలోమీటర్ల దూరం, లాయరు ఫీజు, హైదరాబాద్‌లో రాత్రి బస, ఇవేవీ ఉండవు. మరి అందరూ హైకోర్టుకే ఎందుకు పరిగెడతారు? హైకోర్టు పేరు చెబితేనే స్టేషన్ కదులుతుందన్న నమ్మకం. ఆ నమ్మకం పూర్తిగా తప్పని నేను అనలేను.

పిల్లల విషయం వేరే చిక్కు. భార్యాభర్తల్లో ఒకరు పిల్లను ఎత్తుకుపోతే రెండోవాళ్లు హెబియస్ కార్పస్ వేయడం బాగా పెరిగింది. పిల్లలకు "నీ ఇష్టమేంటి" అనే ప్రశ్న వర్తించదు కదా. అందుకని కోర్టు పిల్ల మేలు ఎక్కడుందో చూస్తుంది. ఐదేళ్లలోపు పిల్లలు మామూలుగా తల్లి దగ్గరే ఉండాలని 1956 నాటి హిందూ మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం 6వ సెక్షన్ చెబుతుంది. పాలు తాగే పిల్లను తల్లి నుంచి లాక్కుపోతే హైకోర్టు వెంటనే జోక్యం చేసుకునే అవకాశం ఎక్కువ. పదేళ్ల పిల్లాడు రెండేళ్లుగా తండ్రి దగ్గర చదువుకుంటూ ఉంటే, ఫ్యామిలీ కోర్టుకు పోయి తేల్చుకోమని పంపేస్తారు. పిల్లను ఉంచుకున్న మనిషికి ఆ హక్కు లేదని తేలితేనే హెబియస్ కార్పస్ నిలబడుతుందని 2019లో తేజస్విని గౌడ్ కేసులో సుప్రీంకోర్టు గీత గీసింది. ఆ కేసులో తల్లి చనిపోయింది, పిల్లను పిన్ని వాళ్లు పెంచుతున్నారు, తండ్రి అడిగాడు. కోర్టు తండ్రికే ఇచ్చింది.

అమెరికా సంబంధాలు చేసుకున్న ఇళ్లలో ఇది ఇంకా పెద్ద తలనొప్పి. అక్కడ గొడవపడి తల్లి పిల్లతో హనుమకొండ వచ్చేస్తుంది, అక్కడి కోర్టు పిల్లను తండ్రికి అప్పగించమంటుంది, తండ్రి ఇక్కడ హెబియస్ కార్పస్ వేస్తాడు. పిల్లలను దేశం దాటించే విషయంలో 1980 నాటి హేగ్ ఒప్పందంలో మన దేశం చేరలేదు. అందువల్ల విదేశీ కోర్టు ఆర్డరును మన కోర్టు గుడ్డిగా అమలు చేయదు, లెక్కలోకి మాత్రం తీసుకుంటుంది.

చివరికి మూడో ఆమె, మొగుడు డ్యూటీకని పోయి తిరిగి రానావిడ. ఆమె దగ్గర ఎవరి మీదా అనుమానం లేదు. అప్పులున్నాయి, టెన్షన్‌లో ఉండేవాడు, ఎటు పోయాడో తెలియదు. ఇలాంటి మనిషిని వెతకడానికి హెబియస్ కార్పస్ వేస్తే చాలా హైకోర్టులు ఒప్పుకోవడం లేదు. ఎవరో బంధించారనడానికి కాస్తయినా ఆధారం ఉండాలి, లేకపోతే ఇది మిస్సింగ్ కేసే, పోలీసులు చేయాల్సిన పని అంటున్నాయి. తర్కం సరైనదే. కానీ మిస్సింగ్ కేసు ఫైలు స్టేషన్‌లో అడుగున పడిపోతే ఆ ఇల్లాలు ఏం చేయాలన్న దానికి ఆ తర్కంలో జవాబు లేదు. ఒక దారి ఉంది: దర్యాప్తు సరిగా చేయమని పోలీసులను ఆదేశించాలని మామూలు రిట్ పిటిషన్ వేయొచ్చు. అది హెబియస్ కార్పస్ అంత వేగంగా నడవదు.

మన వైపు మొగవాళ్లు కనపడకుండా పోయే తీరు కూడా వేరు. వరంగల్, సిరిసిల్ల నేతగాళ్లు భీవండికి, సూరత్‌కు పోయిన కుటుంబాలు ఎన్నో. జగిత్యాల, నిజామాబాద్ వైపు గల్ఫ్. భీవండిలో ఉన్న మనిషిని మన పోలీసులు పోయి కలిసి రావచ్చు. దుబాయ్‌లో, సౌదీలో యజమాని పాస్‌పోర్టు గుంజుకుని కూర్చోబెట్టిన మనిషి దాకా మన హైకోర్టు ఆదేశం పోదు. అక్కడ పనికొచ్చేది మన ఎంబసీ. విదేశాంగ శాఖ 2015లో తెచ్చిన మదద్ పోర్టల్‌లో ఫిర్యాదు పెట్టాలి. వాళ్లు కదలకపోతే, కదిలించమని కేంద్రం మీద హైకోర్టులో రిట్ వేయొచ్చు.

ఎన్నేళ్లైనా జాడ లేకపోతే? ఏడేళ్ల పాటు, బతికుంటే కబురు తెలియాల్సినవాళ్లకు ఏ కబురూ రాకపోతే, ఆ మనిషి చనిపోయినట్టు కోర్టు భావించవచ్చు. పాత సాక్ష్యాల చట్టంలో ఇది 108వ సెక్షన్, కొత్త భారతీయ సాక్ష్య అధినియంలో 111. అదే ఏడేళ్లకు హిందూ వివాహ చట్టం కింద విడాకులూ అడగొచ్చు. ముస్లిం మహిళకు ఇంత కాలం అక్కర్లేదు. 1939 నాటి చట్టం ప్రకారం నాలుగేళ్లు భర్త జాడ లేకపోతే ఆమె పెళ్లి రద్దు కోరవచ్చు, డిక్రీ వచ్చాక ఆరు నెలల్లో అతను తిరిగొచ్చి కాపురం చేస్తానంటే అది ఆగిపోతుంది.

బీమా దగ్గర మాత్రం జాగ్రత్త. ఏడేళ్లు నిండాక మనిషి లేడని అనుకోవచ్చు గానీ, ఏ రోజు పోయాడన్నది చట్టం ఊహించదు అని 2004లో ఎల్‌ఐసీ, అనురాధ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. "ఆయన పోయిన రోజే చనిపోయాడు, మధ్యలో ప్రీమియం కట్టనవసరం లేదు" అనే వాదన నిలవదు. ఎవరు చెప్పినా చెప్పకపోయినా ఆ ఏడేళ్లూ ప్రీమియం ఆగకుండా చూసుకోవాలి. ఇంకొకటి, మిస్సింగ్ కేసు పెట్టిన రోజే ఎఫ్‌ఐఆర్ కాపీ అడిగి తీసుకోవాలి, ఉచితంగా ఇస్తారు. ఏడేళ్ల తర్వాత తహసీల్దార్ ఆఫీసులో, బ్యాంకులో, పెన్షన్ దగ్గర, కోర్టులో అందరూ మొదట అడిగేది ఆ కాగితం మీది తేదీనే.